హుకుంనామా తిన్న సిపాయి

ఒకరి ఊరు లాక్కునేముందు ఆ ఊరివాళ్ళకి నోటీసు ఇవ్వాలి. ఇవ్వకుండా లాక్కుంటే దోపిడీ అవుతుంది, ఇచ్చి లాక్కుంటే పరిపాలన అవుతుంది. ఈ తేడా బాగా ఎరిగిన పెద్దమనుషులు సుమారు అయిదు వందల ఏళ్ళ కిందటే స్పెయిన్ దేశంలో ఉండేవారు. సముద్రం దాటి కొత్త నేలలు పట్టుకోవడానికి వెళ్ళే ప్రతి దండుకీ వాళ్ళొక హుకుంనామా రాసిచ్చి మరీ పంపారు.

అందులో ముందు ప్రపంచం ఎలా పుట్టిందో ఉంది. ఆ ప్రపంచానికంతటికీ రోము నగరంలో ఒక పెద్ద స్వామివారు ఉన్నారని ఉంది. ఆ స్వామివారు మీ నేలని మా రాజుగారికి ఇచ్చేశారని ఉంది. కాబట్టి మీరు ఒప్పుకున్నారా, మిమ్మల్ని కడుపులో పెట్టుకుని చూస్తాం, మీ ఆలుబిడ్డల్నీ ఇళ్ళనీ ముట్టుకోం. ఒప్పుకోలేదా, మీ మీద పడతాం, ఆలుబిడ్డల్ని బానిసలుగా పట్టుకుపోతాం, ఆ పాపం మీదే గాని మాది కాదు. 

ఇదంతా స్పెయిన్ భాషలో. వినేవాళ్ళకి ఆ భాష రాదు. వచ్చి తీరాలని హుకుంనామాలో ఎక్కడా లేదు. చదవాలని ఉంది. చదివినట్టు దండు వెంట వెళ్ళే లేఖరి సర్టిఫికెట్ రాయాలని ఉంది. ఆ వ్యవహారం ముగిసేదాకా సిపాయిలంతా ఇనపటోపీలు తీసి, చూపు పక్కకి తిప్పకుండా లేఖరి వైపే చూస్తూ నిలబడాలని కూడా ఉంది. ఇంత పకడ్బందీ ఏర్పాటు నాకు తెలిసి ఏ మునిసిపాలిటీ చెయ్యలేదు.

అలాంటి ఒక దండులో తోరిబియో అనే సిపాయి ఉండేవాడు. సొంత ఊళ్ళో అతను జోళ్ళు కుట్టుకునేవాడు. ఆ కొట్టు పైకప్పు ఎంత గొప్పదంటే, బయట వాన వెలిసినా లోపల మరో పూట కురిసేది. ఒక రోజు ఊరి నడిబొడ్డున దండోరా వేశారు. దండు జాబితాలో పేరున్న ప్రతివాడికీ కొత్త దేశంలో ఇంత నేల ఇస్తారట. తోరిబియోకి బంగారం మీద ఆశ లేదు. కురవని కప్పున్న కొట్టు ఒకటి వేసుకుంటే చాలనుకున్నాడు. జాబితాలో పేరు రాయించుకుని ఓడ ఎక్కాడు.

దిగాక ఒక పెద్ద నది ఒడ్డమ్మట పదకొండు నెలలు నడిచారు. కొండల పైన ముయిస్కా అనే జనం ఉన్నారని, వాళ్ళ దగ్గర ఉప్పూ పచ్చలూ బంగారమూ ఉన్నాయని విన్నారు. ఎనిమిది వందల మంది బయల్దేరితే జ్వరాలకీ, పాములకీ, మొసళ్ళకీ పోగా నూటఅరవై మంది మిగిలారు. దారిలో మనిషి కనపడలేదు. అయినా లేఖరి దోన్ బల్తసార్ మజిలీ చేసిన ప్రతి చోటా హుకుంనామా విప్పి చదివాడు. ఎదురుగా చెట్లుండేవి. ఒకసారి ఒడ్డున పడుకున్న మొసలి నోరు తెరిచింది. లేఖరి చదవడం ఆపి, జవాబు వస్తుందేమోనని మర్యాదగా చూశాడు. మొసలి నోరు మూసుకుంది. "ప్రతివాదులు మౌనం వహించిరి" అని రాసుకుని ముందుకు సాగాడు.

హుకుంనామా ఉంచే తోలు గొట్టాన్ని కుట్టింది తోరిబియోనే కాబట్టి మొయ్యడం కూడా అతని నెత్తినే పడింది. చదువు రాని తోరిబియో ఆ హుకుంనామాని రెండు వందల సార్లు నిలబడి విన్నాడు.

ఎనిమిదో నెలలో తిండి అయిపోయింది, దాంతో లేఖరికి గొట్టం తీసి చదివే ఓపికా పోయింది. గుర్రాలూ అయిపోవచ్చాయి. అప్పుడు తోళ్ళు మొదలుపెట్టారు. ఏ తోలు ఎంతసేపు ఉడికితే మెత్తబడుతుందో చెప్పులు కుట్టేవాడికి తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది? తోరిబియోని వంట మీద పెట్టారు. బెల్టులు ఉడకేశాడు, కత్తుల ఒరలు ఉడకేశాడు, జీను ముక్కలు ఉడకేశాడు. ఒకరోజు ఒళ్ళు తెలియని జ్వరంలో చేతికందిన తోలల్లా కుండలో పడేశాడు. అందులో చుట్ట చుట్టిన గొర్రెతోలు ఒకటుంది. దాని మీద ఏవో నల్లటి మరకలు కనిపిస్తే రాయి పెట్టి గీకాడు.

ఆ పూట చారు అందరికీ నచ్చింది. లేఖరి దోన్ బల్తసార్ రెండో గరిటె కూడా పోయించుకున్నాడు. "ఇవాళ్టి చారులో ఏదో గాంభీర్యం ఉన్నది" అన్నాడు. అడుగున మిగిలిన పిప్పిని మాత్రం తోరిబియో ఒక్కడే నమిలి మింగాడు. వండినవాడికి అడుగే గదా దక్కేది.

మూడు నెలల తర్వాత దండు కొండెక్కింది. పైన కళ్ళు చెదిరే పచ్చటి మైదానం. గుండ్రటి గడ్డి ఇళ్ళు, చేలు, నూలు దుప్పట్లు కప్పుకున్న మనుషులు. పొయ్యిల మీద నుంచి పొగలు లేస్తున్నాయి. దళపతికి ఆనందంతో మాట రాలేదు. వచ్చాక వచ్చిన మొదటి మాట "చదవండి" అని.

లేఖరి గొట్టం మూత తీశాడు. తలకిందులు చేసి కొట్టాడు. ఒక చచ్చిన పురుగు రాలింది.

"చదవకుండా కొడితే ఏమవుతుందయ్యా?" అన్నాడు దళపతి.

"దోపిడీ అవుతుంది దొరా. తమరు దొంగ అవుతారు. చదివి కొట్టిన యెడల తమరు గవర్నరు అవుతారు."

దళపతి గవర్నరు కావడానికే వచ్చాడు. వెంటనే విచారణ మొదలైంది. తోరిబియోని ముందుకు లాక్కొచ్చారు.

"అయ్యగారూ, తోలు కనిపించింది, ఉడకేశానండి. అక్షరాలో మరకలో నాకేం తెలుసు? చదువొస్తే చెప్పులెందుకు కుడతానండి? అయినా తమరు కూడా రెండు గరిటెలు..."

"అది విచారణ పరిధిలోనికి రాదు" అన్నాడు లేఖరి.

చెట్టు కొమ్మకి తాడు వేశారు. చచ్చేముందు దేవుణ్ణి తలుచుకోమన్నారు. భయంలో తోరిబియోకి ప్రార్థన ఒక్క ముక్క గుర్తు రాలేదు. గుర్తొచ్చింది హుకుంనామా. కళ్ళు మూసుకుని ప్రపంచం పుట్టినదగ్గర నుంచి అందుకున్నాడు. స్వామివారి మీదుగా, రాజుగారి మీదుగా, "ఆ పాపం మీదే గాని మాది కాదు" దాకా ఎక్కడా తడబడకుండా అప్పజెప్పేశాడు. దగ్గే చోట లేఖరి ఎలా దగ్గుతాడో అలాగే దగ్గాడు కూడా.

దోన్ బల్తసార్ చెయ్యెత్తి తాడు ఆపించాడు. కాసేపు ఆలోచించి, గొంతు సవరించుకుని తీర్పు చెప్పాడు. "సదరు హుకుంనామా నష్టపోలేదు. కేవలం స్థానచలనం పొందినది. చారు తాగినవారు సదరు పత్రమును వాసన చూసిన వారితో సమానులు. వారికి దానిపై ఎట్టి హక్కూ లేదు. పిప్పి తిన్నవాడియందు మాత్రము పత్రము యావత్తూ, అక్షరములతో సహా, భద్రముగా యున్నది. కావున నేటి నుండి ఇతడే హుకుంనామా."

తోరిబియో మెడలోంచి తాడు తీశారు. ప్రాణం దక్కిందని అతను లేఖరి కాళ్ళమీద పడబోయాడు. ఇద్దరు సిపాయిలు పరుగెత్తుకొచ్చి పట్టుకున్నారు. హుకుంనామాని మడవకూడదు.

అక్కడ నుంచి తోరిబియో బతుకు మారిపోయింది. నీలి సిరాతో ఛాతీ మీద ఠప్పున రాజముద్ర కొట్టారు. పత్రానికి మడత పడితే అక్షరం పోతుంది కాబట్టి మోకాళ్ళు ముడుచుకుని పడుకోకూడదన్నారు. తడిసిన పత్రం చెల్లదు కాబట్టి వాగులొస్తే నలుగురు మోసి దాటించేవారు, చినుకు పడితే తల మీద గొడ్డుతోలు పట్టేవారు. మోసే నలుగురూ అతని ఏడు తరాలనీ తిట్టేవారు. ఆమోదం పొందిన పత్రంలో కొత్తగా ఏమీ చేర్చరాదు కాబట్టి తిండి పెట్టవచ్చునా అన్న దాని మీద ఒకరోజంతా చర్చ జరిగింది. చెదలు పట్టకుండా ఉండటానికి ఎంత అవసరమో అంత పెట్టవచ్చునని తేల్చారు. రోజూ పొద్దున అతను పొదల చాటుకి వెళ్ళొచ్చాక లేఖరి మొదటి వాక్యమూ చివరి వాక్యమూ చెప్పించుకుని, "విషయములో లోపము లేదు" అని సంతకం పెట్టేవాడు.

ఇవన్నీ తోరిబియో పళ్ళ బిగువున భరించాడు. ఒక్కటి మాత్రం భరించలేకపోయాడు. దండు జాబితాలో అతని పేరు కొట్టేశారు.

"ఒకే వస్తువు రెండు రిజిస్టర్లలో ఉండరాదు" అన్నాడు లేఖరి. "నిన్ను పత్రముల రిజిస్టరులోనికి బదలాయించడమైనది."

"మరి నా నేలండి? నా కొట్టండి?"

"పత్రములకు నేల ఇచ్చు సంప్రదాయము లేదు."

"నేను మనిషినండి లేఖరిగారూ!"

"ఆ సంగతి రికార్డులలో లేదు. ఆఖరి ఊరు కూడా వశమయిన పిమ్మట పత్రమును రద్దు చేసి, నిన్ను మనిషిగా పునరుద్ధరించు విషయము సానుభూతితో పరిశీలించబడును."

ఆఫీసుల చుట్టూ తిరిగినవాళ్ళకి సానుభూతితో పరిశీలించడం అంటే ఏమిటో తెలుసు. తోరిబియో ఎప్పుడూ తిరగలేదు, నమ్మాడు.

మొదటి ఊరు వచ్చింది. జనం పొలిమేరకి వచ్చి వింతగా చూస్తున్నారు. సిపాయిలు టోపీలు తీశారు. తోరిబియో చొక్కా విప్పి, ముద్ర కనిపించేలా నిలబడి మొదలుపెట్టాడు. అరగంట పట్టింది. తర్వాత దుబాసీ లాజరో వంతు. లాజరోది నది దిగువ. కొండ మీది నుంచి వచ్చే ఉప్పు అమ్ముకుని బతికేవాడు, అలా కొండవాళ్ళ భాష అబ్బింది. నడక మొదలవకముందే రేవు దగ్గర దండువాళ్ళు పట్టుకుని, పేరు మార్చి, దుబాసీని చేశారు. అతనికి స్పెయిన్ భాష సగం వచ్చు, అదీ బూతుల వైపు సగం. జనం వైపు తిరిగి రెండు ముక్కలు చెప్పి ఊరుకున్నాడు.

లేఖరికి అనుమానం వచ్చింది. "అరగంట హుకుంనామాకు రెండు ముక్కలేనా?"

"మాది పొదుపు భాషండయ్యా" అన్నాడు లాజరో.

నిజానికి అతను చెప్పింది "ఇతనికి ఆకలేస్తోంది" అని. తోరిబియో డొక్కలు చూసిన ఎవరికైనా తోచే అనువాదమే అది. ఊరి ఆడవాళ్ళు గబగబా ఇళ్ళలోకి వెళ్ళి, కాల్చిన దుంపలు గంపల్లో తెచ్చారు. ఆ దుంపల్నే ఇవాళ మనం బంగాళాదుంపలని వేపుడు చేసుకుంటున్నాం. అప్పటికి స్పెయిన్‌వాళ్ళు వాటి మొహం చూసి ఎరగరు. లేఖరి ఒకటి తీసి వేలితో తట్టాడు. "గుండ్రముగా, వేడిగా, గట్టిగా ఉన్న వస్తువులను సైన్యము పైకి గంపలతో తెచ్చిరి" అని రాశాడు. రాసి, సిరా ఆరడానికి ఇసక చల్లాడు. దళపతి కత్తి ఎత్తాడు.

మధ్యాహ్నానికి ఊరు కాలిపోయింది. తోరిబియోకి గంపలో దుంపలు తెచ్చిన మనిషి దారిలో పడి ఉంది. అతను ఏడ్చాడు. కన్నీళ్ళకి పత్రం తడుస్తుందని లేఖరి రుమాలు ఇచ్చాడు.

రెండో ఊళ్ళో జనం గౌరవంగా కొత్త దుప్పట్లు తెచ్చి దళపతి కాళ్ళ ముందు పరిచారు. శవాల మీద కప్పే గుడ్డలు చూపించి బెదిరించారని రాశారు. మూడో ఊరివాళ్ళు ఏం చేస్తే ఏం తప్పొస్తుందోనని ఏమీ చెయ్యలేదు. మౌనం వహించిరి. అప్పటికి చుట్టుపక్కల ఊళ్ళల్లో తోరిబియో గొంతు పేరు మోసింది. అతను ఆవులింతకి నోరు తెరిచినా తల్లులు పిల్లల్ని లోపలికి లాక్కునేవారు. తను కుట్టిన జోడు ఏనాడూ ఎవరి కాలూ కరవలేదని గర్వపడే మనిషి తోరిబియో. ఇప్పుడు తను నోరు విప్పితే ఊళ్ళు కాలుతున్నాయి. ముద్ద ఎత్తితే సయించేది కాదు. ఈ హుకుంనామా అతనికి మింగలేక కక్కలేక అన్నట్టయింది, మింగడం ఎప్పుడో అయిపోయినా సరే.

ఆఖరి ఊరు పేరు నెంగూపా. ఉప్పు వండే ఊరు. భూమిలోంచి ఊరే ఉప్పునీళ్ళ మడుగు ఊరి చివర ఉంది. ఆ నీళ్ళని పెద్ద పెద్ద కుండల్లో కాచి, గడ్డకట్టాక కుండ పగలగొట్టి ఉప్పు అచ్చులు తీసేవారు. పగలూ రాత్రీ పొయ్యిల పొగ ఊరిని కప్పి ఉంచేది. దండు మడుగు ఇవతల విడిసింది.

ఆ సాయంత్రం లేఖరి తోరిబియోని పిలిచి దండు జాబితా తీశాడు. కొట్టేసిన పేరు కింద ఒక ఖాళీ గీత చూపించాడు. "రేపు మధ్యాహ్నానికి ఇచ్చట నీ పేరు మరల రాయబడును. దళపతి గారి ఉత్తర్వు ఒక్కటే. జవాబు కొరకు ఆగరాదు. చివరి వాక్యము ముగిసిన వెంటనే బాకా ఊదబడును."

పత్రానికి గాలి తగలాలని నిబంధన ఉంది కాబట్టి తోరిబియోని మడుగు గట్టు మీద కూచోబెట్టి, లేఖరి పక్కనే కునుకు తీశాడు. అప్పుడొక ముసలావిడ ఆకులో దుంపలు పట్టుకుని వచ్చింది. వెనకాల లాజరో ఉన్నాడు. ఆమె పేరు ఊబాసా. ఆ ఊరి పొయ్యిలకి పెద్ద. వీపున ఉప్పు మోసుకుని ఊరూరా తిరిగే మనిషి.

"ఈ అవ్వ ఆ మూడు ఊళ్ళల్లోనూ ఉందట" అన్నాడు లాజరో. "నువ్వు నోరు తెరిచిన ప్రతి ఊరూ కాలిందంటోంది. నువ్వు చెప్పేదేంటో తెలుసుకోడానికి వచ్చిందట."

తోరిబియో చెప్పాడు. హుకుంనామాని మొదటిసారి మామూలు మాటల్లో చెప్పాడు. లాజరో చెయ్యగలిగినంత చేసి ఆమెకి చెప్పాడు.

"ఒప్పుకుంటే ముట్టుకోం అని ఉందా అందులో?" అని అడిగించింది.

"ఉందవ్వా."

"మరి ఆ ముక్క మాకెవరూ చెప్పలేదేం?"

లాజరో తల దించుకున్నాడు. "నాకే ఇప్పుడు తెలిసింది అన్నా" అన్నాడు తోరిబియోతో. "పొడుగు మాటలు నాకు రావని వీళ్ళకి తెలుసు. తెలిసే పెట్టుకున్నారు."

ఊబాసా వేళ్ళు మడిచి లెక్క చెప్పింది. ఊళ్ళో నూట పన్నెండు మంది ఉన్నారట. నడవలేని పసివాళ్ళు తొమ్మిది మంది.

తోరిబియో లేఖరి ఒళ్ళో ఉన్న జాబితా వైపు చూశాడు. ఆ ఖాళీ గీత మీద తన పేరుంటే దాని వెనక కొట్టు ఉంది, కురవని కప్పు ఉంది. కాసేపు అలాగే చూసి ఊబాసా వైపు తిరిగాడు.

"మా భాషలో ఔను అనడానికి 'సీ' అంటారవ్వా. రేపు నేను ఆగుతాను. నేను ఆగగానే అందరూ గట్టిగా అదే మాట అనండి."

మర్నాడు పొద్దున సిపాయిలు టోపీలు తీశారు. తోరిబియో ఎన్నడూ లేనంత నిదానంగా చదివాడు. "ముట్టుకోము" అనే చోట ఆగాడు. దళపతి కళ్ళెర్రజేశాడు. అయినా ఆగాడు.

"సీ!" అంది నెంగూపా, నూట పన్నెండు గొంతులతో. తోరిబియో మిగతాది చివరి వాక్యం దాకా అప్పజెప్పి ముగించాడు.

బాకావాడు బాకా నోటిదాకా తెచ్చి దించేశాడు. ఇన్నేళ్ళుగా ఇన్ని దండ్లు ఇన్ని ఊళ్ళల్లో చదివినా, ఒప్పుకున్నవాళ్ళు ఎవరూ లేరు. లేఖరి దగ్గర తిరస్కరించినట్టు రాయడానికి నమూనా ఉంది గాని ఒప్పుకున్నట్టు రాయడానికి లేదు.

"ఇదేం దగా?" అని అరిచాడు దళపతి. "పదకొండు నెలలు పాములు తిని వచ్చింది వీళ్ళు ఔనంటే వినడానికా?"

దోన్ బల్తసార్ కళ్ళు మూసుకుని ఆలోచించాడు. "ఆందోళన వలదు దొరా. వీరు భాష అర్థము కాకుండా ఔనన్న యెడల, అర్థము కాలేదు కనుక ఆ ఔను చెల్లదు. అర్థమై ఔనన్న యెడల, చివర ఉన్న బెదిరింపు కూడా అర్థమై భయపడి అన్నట్లు. భయముతో అన్న ఔను చట్టరీత్యా చెల్లదు. కావున మరల చదివించవలెను."

"చదివించు. ఈసారి ఆగాడో, పత్రాన్ని నిలువునా చింపేస్తా."

ఇద్దరు సిపాయిలు తోరిబియో రెక్కలు పట్టుకున్నారు. అతను చుట్టూ చూశాడు. మడుగు నాలుగడుగుల దూరంలో ఉంది. విదిలించుకుని ఒక్క ఉరుకు ఉరికి అందులో దూకేశాడు.

"తడిసింది!" అని లేఖరి పెట్టిన కేక కొండల్లో మారుమోగింది. "దొరా, రాజపత్రము తడిసింది!"

తోరిబియో పైకి తేలాడు. ఛాతీ మీది రాజముద్ర నీలంగా కారి నీళ్ళల్లో కలిసిపోతోంది. కొత్త హుకుంనామా తెప్పించాలంటే సముద్రం దాటి పోయి రావాలి, రెండేళ్ళు పడుతుంది. ఆ మాట విన్న దళపతి టోపీని నేలకేసి కొట్టాడు. తోరిబియో గట్టెక్కి, ఒళ్ళంతా ఉప్పు మంట పుడుతున్నా నవ్వుతూ కూర్చున్నాడు. ఊరు గట్టెక్కిందనుకున్నాడు పాపం. దోన్ బల్తసార్‌ని తక్కువ అంచనా వేశాడు.

"ఇతడు ఇపుడు పత్రము కాడు, రద్దయినాడు" అన్నాడు లేఖరి. "దండు జాబితాలోనూ లేడు. ఏ జాబితాలోనూ లేనివాడు కూర్చున్న ఊరికే చెందును. కావున ఇతడు నెంగూపా వాసి. ఇతనికి మన భాష వచ్చును. ఇందాకటి పఠనమును ఇతడు సాంతము వినియున్నాడు, ఏలయనగా చదివినది ఇతడే. కావున నెంగూపా గ్రామమునకు నోటీసు సంపూర్ణముగా, అర్థసహితముగా అందినది. అందిన తరువాత పత్రము తడిసిననూ ఇబ్బంది లేదు." తోరిబియో వైపు తిరిగి వినయంగా తల వంచాడు. "నెంగూపా గ్రామమా, నీ జవాబు యేమి?"

ఔనంటే చెల్లదు. కాదంటే కత్తి. మాట్లాడకపోతే మౌనం వహించినట్టు. అప్పుడు తోరిబియోకి తన కడుపులో ఏముందో గుర్తొచ్చింది. మూడు నెలలు రికార్డుగా బతికినవాడికి ఆ భాష ఒంటబట్టదా?

"లేఖరిగారూ, గ్రామమునకు కొన్ని అభ్యంతరములు కలవు" అన్నాడు. "క్రమసంఖ్య వేసి రాసుకొనవలెను. ప్రతి దానికీ రాతపూర్వకముగా సమాధానము కావలెను."

దోన్ బల్తసార్ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ముప్పై ఏళ్ళ ఉద్యోగంలో అతనికి మొదటిసారి ఎవరో జవాబిచ్చారు. చెట్లూ మొసళ్ళూ ఇవ్వలేని గౌరవం అది. దళపతి ఏదో అనబోతే చెయ్యెత్తి ఆపాడు. "దొరా, అభ్యంతరములు నడుచుచుండగా కత్తి ఎత్తిన యెడల దోపిడీ అవుతుంది." కొత్త కలం చెక్కాడు. మళ్ళీ వ్యవహారం మొదలైంది కాబట్టి సిపాయిలు ఊరికి వీపు పెట్టి, మడుగు గట్టు మీది లేఖరి వైపే చూస్తూ నిలబడ్డారు.

"ఒకటి" అన్నాడు తోరిబియో. "ప్రపంచము పుట్టెనని చదివితిరి. పుట్టినప్పుడు హాజరుగా ఉన్న సాక్షులెవరు? రెండు, స్వామివారు ఈ నేలను ఇచ్చినప్పుడు సరిహద్దులు చెప్పిరా? తూర్పున ఎవరి చేను? మూడు, ఇచ్చినది నేల మాత్రమేనా, పైన ఉన్న పొగ కూడానా?"

లాజరో నిబంధన ప్రకారం ఊరి వైపు తిరిగి, రెండే ముక్కలు చెప్పాడు.

"ఏమంటివి?" అన్నాడు లేఖరి, రాస్తూనే.

"మొత్తం చెప్పేశానండయ్యా. మాది పొదుపు భాష గదా."

ఊబాసా పొయ్యిల్లోకి పచ్చి కంప తోయించింది. పొగ దట్టంగా లేచింది.

పొద్దు నడినెత్తికి వచ్చింది. తోరిబియో ఇరవయ్యో అభ్యంతరంలో ఉన్నాడు. రాజుగారికి నేల అందినట్టు రసీదు ఉన్నదా, ఉంటే అది గొర్రెతోలు మీదనా మేకతోలు మీదనా, చెప్పులు కుట్టేవాడిగా ఆ తేడా తనకి ముఖ్యమన్నాడు. లేఖరి చెమట తుడుచుకోకుండా రాస్తున్నాడు. మధ్యమధ్య "భేష్! మంచి అభ్యంతరము" అంటున్నాడు. సిపాయిలకి మెడలు పట్టేశాయి. దళపతి పళ్ళు నూరుతున్నాడు. గవర్నరు కావాలనుకున్నవాడికి ఓపిక తప్పదు. పొగలోంచి ఒకటి రెండుసార్లు పసిపిల్ల ఏడుపు వినిపించి ఆగిపోయింది. అది వినిపించినప్పుడల్లా తోరిబియో గొంతు పెంచాడు.

పొద్దు వాలేసరికి అరవై నాలుగు అభ్యంతరాలయ్యాయి. గొంతు పూర్తిగా పోయింది. లేఖరి కడపటి సమాధానం రాసి, ఆశగా తలెత్తాడు. "ఇంకేమైనా కలవా?"

తోరిబియో పొగ వైపు చూశాడు. చెవి రిక్కించాడు. ఏ చప్పుడూ లేదు.

"లేవండి" అన్నాడు గుసగుసగా.

బాకా మోగింది. నూటఅరవై మంది పొగలోకి పడ్డారు. ఖాళీ ఇళ్ళు, చల్లారని పొయ్యిలు, పగలగొట్టిన కుండలు కనిపించాయి. మనిషి లేడు, ఉప్పు రవ్వ లేదు. లాజరో కూడా లేడు. దళపతి ఉరుక్కుంటూ వెనక్కొచ్చి తోరిబియో గొంతు పట్టుకున్నాడు.

"ఊరు ఏదిరా? ఎటు పోయింది?"

"ఊరంతా ఇక్కడే ఉన్నాను గదా దొరా" అన్నాడు తోరిబియో.

దళపతి కత్తి ఎత్తాడు. లేఖరి అడ్డం పడ్డాడు. వశమయిన ఊరిలో సగటున సగం మందిని చంపవచ్చునే గాని ఊరు మొత్తాన్ని చంపినట్టు రాస్తే పైవాళ్ళు సంజాయిషీ అడుగుతారట. ఆ రాత్రికి దండు పస్తు పడుకుంది. కత్తి ఒరలో పెట్టడానికి దళపతికి ఒర కూడా లేదు, అది ఎనిమిదో నెలలోనే చారైపోయింది.

గట్టు మీద, తోరిబియో కూర్చున్న రాయి వెనకాల, ఆకులో రెండు కాల్చిన దుంపలూ చిటికెడు ఉప్పూ ఉన్నాయి. ఎప్పుడు పెట్టి వెళ్ళిందో అతనికి తెలియదు. పది నెలలుగా అతను ఉప్పేసుకుని ఏమీ తినలేదు. తింటూ వెక్కి వెక్కి ఏడ్చాడు. ఈసారి రుమాలు ఎవరూ ఇవ్వలేదు, పత్రం కాడు గదా.

దళపతి అనుకున్నట్టే గవర్నరు అయ్యాడు. వశమయిన ఊళ్ళని పంచేటప్పుడు నెంగూపాని దోన్ బల్తసార్‌కి ఇచ్చారు. అంటే తోరిబియోని ఇచ్చారు. అలా అతని పేరు తిరిగి రిజిస్టరులోకి ఎక్కింది, మనుషుల జాబితాలో కాదు, ఊళ్ళ జాబితాలో. ఊబాసా వదిలి వెళ్ళిన పెద్ద గడ్డి ఇంట్లో కొట్టు పెట్టుకున్నాడు. ఎంత వాన కురిసినా ఆ కప్పు ఒక్క చుక్క కారేది కాదు. ఏడాదికోసారి ఊరి తరఫున లేఖరికి ఒక జత జోళ్ళు కుట్టి ఇచ్చేవాడు. తను కుట్టిన జోడు ఎవరి కాలూ కరవదన్న గర్వం మాత్రం మానుకున్నాడు. ఆ ఒక్క జత కరిచేది.

నెంగూపా గురించి దోన్ బల్తసార్ రాసిన సర్టిఫికెట్ మాత్రం రాజధానిలో చాలా మెప్పు పొందింది. "గ్రామము: నెంగూపా. జనాభా: ఒకటి. నోటీసు చదవబడినది. గ్రామస్థులందరికీ అక్షరము అక్షరము అర్థమైనది. తిరస్కరించిరి." ఇకమీదట ప్రతి దండూ ఇంత శ్రద్ధగా చదవాలని పైనుంచి ఉత్తర్వు వచ్చింది. దాంతోపాటు కొత్త హుకుంనామా ఒకటి పంపారు. ఈసారి తోలు మీద కాదు, రేకు మీద.